హాజరు కోసం చెప్పిన కథ

రిటైరై రెండేళ్లయింది. సెప్టెంబరు నెల వస్తే చాలు, ఎవరో ఒకరు ఫోన్ చేసి, "మేడం, కొత్తగా ఉద్యోగంలో చేరిన టీచర్లకు మీ అనుభవాలు నాలుగు మాటలు చెప్పాలి" అంటారు. పోతే ఉండేది తెలిసిందే. ఒక శాలువా, ఒక మెమెంటో, రెండు గంటలు ఆలస్యంగా వచ్చే ముఖ్య అతిథి, ఆ తర్వాత గురువు దేవుడితో సమానమని వంతులవారీగా చేసే ప్రసంగాలు. ఆ ప్రసంగాలు చేసేవాళ్లలో కొందరు నాతో పనిచేసినవాళ్లే. మధ్యాహ్నం భోజనం కాగానే పిల్లల చేత కాళ్లు పట్టించుకుని బెంచీ మీద నడుం వాల్చిన దేవుళ్లు. నాకు వచ్చిన శాలువాల్లో ఒకటి మిక్సీకి కప్పాను, ఒకటి టీవీకి కప్పాను. మిగతావి పక్కింటి వాళ్ల కుక్క ఈనినప్పుడు ఇచ్చేశాను.

అందుకని మైకు వద్దనుకుని ఇది రాస్తున్నాను. నాకు ఎప్పుడు ప్రమోషన్ వచ్చింది, ఏ ఊరికి ట్రాన్స్‌ఫర్ అయింది లాంటివి ఇందులో లేవు. వాటివల్ల నాకే ఉపయోగం లేకపోయింది, మీకేం ఉంటుంది. ముప్పై ఆరేళ్లలో నేను బాగా చేశానని అందరూ మెచ్చుకున్న పని ఒకటుంది. దాని గురించి రాస్తాను. అది ఎంత పాడు పనో మెచ్చుకున్నవాళ్లెవరికీ తెలియదు.

నాగప్ప సారు

మొదటి గురువు గురించి ఎవరు రాసినా చదివేవాళ్ల కళ్లు తడిసేట్టు రాస్తారు. నేనూ రాయగలను. మాది ఎమ్మిగనూరు, మగ్గాల వీధి. మా నాయన మగ్గం నేసేవాడు, మా అమ్మ కండెలు చుట్టేది, బడి నుంచి రాగానే నేనూ రాట్నం ముందు కూర్చునేదాన్ని. మా వీధి వెనకే రెండు గదుల బడి. అందులో నాగప్ప సారు ఒక్కడే. ముక్కుపొడి పీల్చి, చేతులు పంచెకు తుడుచుకుని, ఆఖరి పీరియడులో కథ మొదలుపెట్టేవాడు.

ఆయన కథల్లో రాజులకూ రాకుమారులకూ వేరే పేర్లుండవు. మా పేర్లే పెట్టేవాడు. ఒకరోజు బందిపోట్లు ఊరి మీద పడ్డారు. సరోజ అనే పిల్ల మగ్గం గుంటలో దాక్కుని, నూలుతో ఒక్కొక్కడి కాళ్లూ కట్టేసి ఊరిని కాపాడింది. సరోజ అంటే నేనే. ఆ సాయంత్రం ఇంటికి ఎట్లా పోయానో నాకు తెలియదు. వారం రోజులు మా అమ్మ ఏం తిట్టినా నాకు తగలలేదు. టీచరును కావాలని అనుకున్నది ఆ వారంలోనే.

నా పక్కన శంకరమ్మ అని ఒక పిల్ల కూర్చునేది. అదే కథలో శంకరమ్మ తలుపు తీసిపెట్టి నిద్రపోయిన పనిమనిషి. బందిపోట్లు వచ్చింది ఆమె వల్లే. మేమందరం నవ్వాం, నేను అందరికంటే గట్టిగా నవ్వాను. శంకరమ్మ నాలుగో తరగతిలో బడి మానేసింది. కథ వల్ల మానేసిందని నేననను, వాళ్ల ఇంట్లో పని ఉండేది. కానీ నాగప్ప సారు గురించి ఆమె ఏమంటుందో మనకు తెలియదు, ఎందుకంటే ఆమెను ఎవరూ అడగరు. మొదటి గురువుల మీద వ్యాసాలు రాసేదంతా కథలో మంచి వేషం దొరికినవాళ్లే. ఈ సంగతి నాకు తెలిసేసరికి నేనే నాగప్ప సారునై కూర్చున్నాను.

జొన్నగిరి దారి

టీచరుగా చేరిన కొన్నేళ్లకు నన్ను వేసిన ఊరు ఎమ్మిగనూరుకూ ఆదోనికీ మధ్య, మెయిన్ రోడ్డు దిగి మూడు కిలోమీటర్లు లోపలికి నడవాలి. పేరు రాయను, ఆ ఊరివాళ్లు ఇంకా ఉన్నారు. ఒకే గది, ఒకే టీచరు, ఐదు తరగతులు. రిజిస్టరులో నలభై పేర్లుంటే గదిలో పదిహేను మంది కనిపించేవాళ్లు. మిగతావాళ్లు గొర్రెల వెంట, తమ్ముళ్ల వెంట, కలుపు వెంట. ఇంటింటికీ తిరిగాను, బతిమాలాను, అరిచాను. నా గొంతు పోయింది కానీ పిల్లలు రాలేదు.

అప్పుడు నాగప్ప సారు విద్య గుర్తొచ్చింది. తొలకరి పడగానే జొన్నగిరి చేలల్లో వజ్రాలు దొరుకుతాయని జనం పోయి వెతుకుతారు గదా, అట్లా మా బడి పిల్లలందరూ వజ్రం కోసం జొన్నగిరికి నడిచిపోతున్నట్టు ఒక కథ ఎత్తుకున్నాను. రోజుకింత దూరం. దారిలో పులులు, దయ్యాలు, కండ్లు కనపడని ముసలవ్వ, మాట్లాడే గాడిద. అందరి పేర్లూ అందులో ఉన్నాయి. ఇంతవరకు నాగప్ప సారుదే. నేను సొంతంగా కలిపింది ఒకటి ఉంది. ఏ పిల్ల ఆ రోజు బడికి రాలేదో, ఆ పిల్లకు ఆ రోజు కథలో కీడు జరుగుతుంది. ఒకడు కంపలో పడతాడు. ఒకతె మేక అయిపోతుంది. మరుసటి రోజు బడికి వస్తేనే విడుదల.

పని చేసింది. ఎందుకు చేయదు. సాయంత్రం బడి వదలగానే పిల్లలు వీధిలో ఎదురొచ్చి, "రేయ్, నువ్వు మేకైపోయినావురా" అంటే, వాడు తెల్లవారి గొర్రెలను నాయనకే వదిలేసి బడికి ఉరికొచ్చేవాడు. రెండు నెలల్లో ముప్పై మంది దాటారు. మండల విద్యాధికారి ఎంఈఓ సార్ చెప్పాపెట్టకుండా తనిఖీకి వచ్చి, గది నిండా ఉన్న పిల్లలను చూసి, ఇది అసలు బడేనా అన్నట్టు నా వైపు చూశాడు. సంగతి చెబితే మురిసిపోయాడు. ఆదోనిలో చుట్టుపక్కల బళ్ల టీచర్లు కలిసే కాంప్లెక్సు మీటింగులో నన్ను ముందుకు పిలిచి, మండలంలోని టీచర్లందరికీ ఈ పద్ధతి చెప్పమన్నాడు. నేను చెప్పాను. వాళ్లు రాసుకున్నారు. పిల్లలను భయపెట్టి రప్పిస్తున్నానని అక్కడ ఒక్కరూ అనలేదు. నాకూ తోచలేదు. అక్షరం ముక్క చెప్పడానికి ఆరు రకాల చార్టులు కావాలనేవాళ్లు, ఇది మాత్రం ఒక్కసారికే నేర్చుకున్నారు.

ఈరమ్మ

మూడో తరగతిలో ఈరమ్మ అని ఒక పిల్ల. ఉరుకుంద ఈరన్నకు మొక్కుకుంటే పుట్టిందని ఆ పేరు. చంకలో ఏడాది తమ్ముడిని వేసుకుని బడికొచ్చేది, వాడు గోడ సున్నం గీక్కుని తింటుంటే ఒక చేత్తో వాడి నోరు తుడుస్తూ ఇంకో చేత్తో రాసేది. కథలో ఆ పిల్లకు నీళ్ల బిందె ఇచ్చాను. జొన్నగిరి దారి ఎండు దారి. దప్పికైన ప్రతివాడూ ఈరమ్మ దగ్గరికి రావాల్సిందే. ఆమె పోస్తేనే తాగాలి. ఆ వేషం ఆ పిల్లకు ఎంత నచ్చిందంటే, నడిచేటప్పుడు కూడా నడుం ఒక పక్కకు వంచి నడిచేది.

మా పడమటి పల్లెల్లో దీపావళి దాటితే ఇళ్లకు తాళాలు పడతాయి. వాన పడితే ఇంత పండుతుంది, లేకుంటే అదీ లేదు. గుంటూరు వైపు పత్తి తీయడానికి, మిరపకాయలు కోయడానికి ఇంటిల్లిపాదీ మూటలు కట్టుకుని లారీలెక్కి పోతారు. దాన్ని ఇక్కడ సుగ్గికి పోవడమంటారు. మళ్లీ ఉగాదికి అటూ ఇటూగా వస్తారు. ఆ ఏడు ఈరమ్మ వాళ్లూ బయలుదేరారు. నేను వాళ్ల అమ్మ నరసమ్మ దగ్గరికి పోయి, పిల్ల చదువు పాడుచేయొద్దని నా ధర్మోపదేశం మొదలుపెట్టాను. నరసమ్మ గోనెసంచి మూతి కుడుతూ వింది.

"నువ్వు సెప్పేది బాగుండాది టీచరమ్మా. పిల్లను యాడ ఇడ్సిపోవల్ల? నీ ఇంట్లో పెట్టుకుంటావా?"

పిల్లల భవిష్యత్తు గురించి గంటసేపు మాట్లాడగలను, ఒక పిల్లకు నాలుగైదు నెలలు రెండు పూటలా రొట్టె పెట్టమంటే మాత్రం నాకు బస్సు టైమవుతుంది. ఆ రోజూ అట్లే చేశాను, బస్సుకు వేళైందని వచ్చేశాను.

మరుసటి రోజు బడి వదిలాక ఈరమ్మ గడప దగ్గర నిలబడింది.

"టీచర్, రేపట్నుంచి నేను రాను. సుగ్గికి పోతాండాం."

"తెలుసు."

"కథలో నన్ను మేకను సేస్తావా?"

"చేయను."

"కంపలో తోస్తావా?"

"తోయనులే."

"యాడన్నా ఒక సెట్టు కింద కూసోబెట్టు టీచర్. బిందె పక్కన పెట్టుకోని కూసోనుంటా. మీరు పోతా ఉండండి. నేనొచ్చినంక ఉరికొచ్చి కలుసుకుంటా."

"అట్లే."

"మర్సిపోవద్దు."

"మరిచిపోను పోవే" అన్నాను. నవ్వుకుంటూ పోయింది.

చప్పట్లు

జనవరి ఆఖరులో ఎంఈఓ సార్ కర్నూలు నుంచి ముగ్గురు పెద్దమనుషులను జీపులో వెంటబెట్టుకొచ్చాడు. మా మండలంలో ఒక అద్భుతం ఉందని వాళ్లకు చెప్పినట్టున్నాడు. వాళ్లకు కుర్చీలు వేయించి, టీ తెప్పించి, "కానీండి మేడం" అన్నాడు. నేను పట్టుచీర కట్టుకుని పోయాను. చూశారా, ముందే తెలుసు నాకు.

ఆ రోజు కథ మద్దికెర దాటిన తర్వాతి దారి. ఎండ, రాళ్లు, నీటిచుక్క లేదు. ముందు వరుసలో ఒక పిల్లవాడు లేచి, "టీచర్, బిందె ఈరమ్మ తాన ఉండాది గదా. ఈరమ్మ ఏమాయె?" అన్నాడు. ఈరమ్మ చెట్టు కింద కూర్చుని ఉంది, మనకోసం చూస్తోంది అని ఒక్క మాట అంటే అయిపోయేది. కానీ ఆ ప్రశ్న వినగానే పెద్దమనుషులు ముగ్గురూ కుర్చీల్లో ముందుకు వంగారు. అది నా కంట పడింది. చెట్టు కింద కూర్చున్న పిల్లతో ఎవరిని మెప్పిస్తాం.

ఈరమ్మ చీకట్లో మనల్ని వెతుక్కుంటూ వచ్చింది అన్నాను. దారి తప్పింది అన్నాను. గట్టు లేని పాతబావి దగ్గర కాలు జారింది అన్నాను. గొంతు తగ్గించి, బిందె తేలింది, ఈరమ్మ తేలలేదు అన్నాను. ఒకటో తరగతి పిల్ల ఒకతె ఏడవడం మొదలుపెట్టింది. పెద్దమనుషులు చప్పట్లు కొట్టారు.

నాకు సంతోషమైంది, దాచడమెందుకు. బందిపోట్లను కట్టేసిన నాటి సంతోషం లాంటిదే. జీపు ఎక్కేముందు ఎంఈఓ సార్ నన్ను పక్కకు పిలిచి, "రాని పిల్లను పేరు పెట్టి చంపేస్తే మిగతావాళ్లు చచ్చినట్టు వస్తారు. ఈ పాయింటు మన పద్ధతిలో కలపండి మేడం, రాసి పంపండి" అన్నాడు. నేను నాలుగు పేజీలు రాసి పంపాను. ఆయనను తిట్టుకుంటూ చాలా ఏళ్లు గడిపాను కానీ, ఆయనకు ఈరమ్మ ఎవరో తెలియదు. తెలిసినదాన్ని నేను.

ఉగాది తర్వాత

ఉగాది అయిన నాలుగో రోజు ఈరమ్మ వచ్చింది. చేతివేళ్లు మిరపఘాటుకు తోలు లేచి ఎర్రగా ఉన్నాయి. తమ్ముడు నడక నేర్చాడు, వాడి చేయి పట్టుకుని గడప దగ్గరే నిలబడింది. వీధిలోనే పిల్లలు చెప్పేశారు.

"టీచర్, నేను సచ్చిపోయినానంట గదా."

గది గొల్లుమంది. ఆ పిల్ల నవ్వలేదు. నా ముఖంలోకి చూస్తోంది.

"నా బిందె ఎవరికిచ్చినావు?"

బిందె వేరే పిల్లకు ఇచ్చి రెండు నెలలైంది. అయినా ఏముంది, అది నా కథ. బావిలో ఒక చెట్టువేరు పట్టుకుని బతికిందంటే ఏ పిల్లా నన్ను సాక్ష్యం అడగదు. అందరూ ఎగిరి గంతేసేవాళ్లు. నేనేమనుకున్నానంటే, ఇప్పుడు దీన్ని బతికిస్తే నాలుగైదు నెలలు రాకపోయినా ఏమీ కాదని మిగతావాళ్లకు తెలిసిపోతుంది, రేపటి నుంచి హాజరు పడిపోతుంది. ఇంకా చెప్పాలంటే, నాలుగు పేజీలు రాసి పంపిన పద్ధతిని నేనే కాదన్నట్టవుతుంది.

"నాలుగైదు నెలలు బడికి రాకుంటే ఎట్లా బతుకుతావు?" అన్నాను. "కొత్తగా మొదలుపెట్టు. ఈరోజుకు మేకపిల్లగా ఉండు. రోజూ వస్తే మళ్లీ మనిషివి అవుతావు."

వెనక వరుసలో ఎవరో మే మే అన్నారు. తర్వాత అందరూ అందుకున్నారు. ఈరమ్మ తమ్ముడిని చంకకెత్తుకుని వెళ్లిపోయింది. అలిగింది, రేపు వస్తుందిలే అనుకున్నాను.

రాలేదు. వారం తర్వాత నరసమ్మే నా దగ్గరికి వచ్చి, "కొట్టినా పోను అంటాది టీచరమ్మా. ఏం జేసినావు పిల్లను?" అంది. వాళ్ల ఇంటికి పోయాను. ఈరమ్మ తలుపు వెనక నుంచి బయటికి రాలేదు. నేను నయానా భయానా చెప్పాను. చివరికి, "రావే, రేపు పొద్దున హాజరు పిలిచేటప్పుడు నీ పేరే మొదట పిలుస్తా" అన్నాను.

"నేను ఆడ లేను గదా టీచర్" అంది లోపలి నుంచి. "నా పేరు పిలుస్తే ఎవరు పలకల్ల?"

కోపంగా అనలేదు. నిజంగానే అడిగింది. తొమ్మిదేళ్ల పిల్ల నా మాటను అంత నమ్మింది. నేను చెట్టు కింద కూర్చోబెడతానంటే నమ్మింది, చచ్చిపోయావంటే అదీ నమ్మింది. నేను వచ్చేశాను. ఏప్రిల్ ఆఖరు దాకా రిజిస్టరులో మాత్రం ఆ పిల్లకు హాజరు వేశాను. పేరొచ్చిన బడి, ఒక పిల్ల తగ్గిందంటే బాగుండదు గదా. జూన్లో ఆ పేరు కొట్టేశాను. కథ ఆపేశాను. ఎందుకాపారని అడిగినవాళ్లకు సిలబస్ ఎక్కువైందని చెప్పాను.

కొత్తగా చేరినవాళ్లకు నేను చెప్పగలిగింది ఇంతే. ఐదేళ్ల నుంచి పదేళ్ల పిల్లల దగ్గర మీరు ఏమన్నా అది జరిగినట్టే లెక్క. వాళ్లకు మీరు నచ్చడం మీ గొప్పతనం కాదు, వాళ్లకు ఇంకొకరు లేరు. పిల్లల ప్రేమ సంపాదించానని చెప్పుకునే టీచరును చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. సంపాదించిన తర్వాత దానితో ఏం చేశావని అడగాలనిపిస్తుంది.

బస్టాండులో

పోయిన దీపావళి అయిన వారానికి ఎమ్మిగనూరు బస్టాండులో ఉన్నాను. ఒక మూల మూటలు, గిన్నెలు, దుప్పట్లు, వాటి మీద జనం. సుగ్గికి పోయేవాళ్లు. అందులోంచి ఒక ఆమె లేచి వచ్చి నా ముందు నిలబడింది.

"టీచర్, గుర్తుపట్టినావా? నేను ఈరమ్మ."

ఆమెను చూసి ఇరవై ఏళ్లు దాటింది. మనిషి ఎండిపోయింది, కళ్లు మారలేదు. పక్కన ఎనిమిదేళ్ల పిల్ల. పేరు గంగ అంది. ఆదోని దగ్గర పల్లెకు ఇచ్చారట, మొగుడు లారీ మనిషితో మాట్లాడడానికి పోయినాడట. ఎన్నోసార్లు మనసులో అనుకున్న మాటలన్నీ ఒక్కసారిగా నోటికి వచ్చాయి.

"ఈరమ్మా, ఆ పొద్దు నేను..."

"అది ఇంగ ఇడ్సిపెట్టు టీచర్" అంది. "సదువుంటే నా బతుకు వేరేగా ఉండేదేమో. లేకపోయె. ఇది మూడో తరగతి సదువుతాండాది. దీన్ని తోల్కపోతాండా, ఏం జేయల్ల?"

ఇప్పుడు సీజనల్ హాస్టళ్లున్నాయి. అమ్మానాయనలు సుగ్గికి పోయిన పిల్లలను బడిలోనే ఉంచి అన్నం పెట్టి చదివిస్తారు. ఈమె ఊరికి దగ్గరలోనే ఒకటుందని నాకు తెలుసు. ఆ మాట చెప్పాను. ఈరమ్మ ఒక్కొక్కటే అడిగింది. పూటకు కడుపునిండా పెడతారా, ఆడపిల్లల దగ్గర ఆడమనిషి పడుకుంటుందా, జ్వరమొస్తే ఎవరు చూస్తారు. అన్నిటికీ జవాబు చెప్పాను. గంగ చేయి మాత్రం వదల్లేదు. ఇంకేదో అడగాలని ఉంది, అడగలేకపోతోంది.

"ఆడ కథలు సెప్తారా టీచర్?"

గంగను ఇంకా దగ్గరికి లాక్కుని మళ్లీ తనే అంది.

"కథలంటే నాకు బయం. ఇది నా మాదిరే ఉండాది. ఏం జెప్పినా నమ్ముతాది."

ఇప్పటి బళ్ల గురించి నా నోటికి హద్దుండదు. పిల్లల ముందు స్క్రీను పెట్టి, దాని ముందు కూర్చున్న పిల్లల ఫోటో తీసి అప్‌లోడ్ చేస్తే పాఠం అయినట్టే. కథ చెప్పడానికి చేతిబొమ్మలిస్తే, పాడవుతాయని బీరువాలో పెట్టి తాళం వేశారు. ఒక్క టీచరుకు కూడా నోరు తెరిచి కథ చెప్పడం రాదని కనబడిన ప్రతివాళ్లతో అంటుంటాను. ఆ రోజు అదే మాటను భరోసాగా చెప్పాను.

"లేదమ్మా. ఎవరూ చెప్పరు. ఇప్పుడు బళ్లలో కథల్లేవు."

"నువ్వు పోతావా ఆడికి?"

"పోను. ఈరోజు దిగబెట్టి వచ్చేస్తా. మళ్లీ పోను."

ఆమె నా ముఖం చూసింది. తర్వాత గంగ చేయి తెచ్చి నా చేతిలో పెట్టింది. లారీ వచ్చింది, మొగుడు కేకేశాడు, ఆమె మూట నెత్తికెత్తుకుని వెనక్కి చూడకుండా పోయింది.

ఆటోలో గంగ కాసేపు ఏడ్చింది. ఊరు దాటాక ముక్కు తుడుచుకుని నా పక్కకు జరిగింది.

"అవ్వా, నువ్వు కథలు శానా బాగ సెప్తావంట గదా. మా యమ్మ సెప్పింది. మా యమ్మ దినామూ సెప్తాది నీ గురించి. ఒకటి సెప్పు."

"నాకు కథలు రావమ్మా" అన్నాను.

పిల్ల నమ్మలేదు. హాస్టలు వచ్చేదాకా నా ముఖం వైపు చూస్తూనే ఉంది. నేను రోడ్డు వైపు చూస్తూ కూర్చున్నాను.